స్టెబిలిమెంటమ్ అంటే ఏంటి? సాలెగూట్లో ఆ తెల్ల గీతల సంగతి

మిద్దెతోట_సరళ

మా మేడ మీద కాకర పందిరి పక్కన ఒక సాలెపురుగు గూడు కట్టింది. వీపు మీద పసుపు, గోధుమరంగు పట్టీలు. కాళ్లన్నీ రెండేసి చొప్పున దగ్గరగా పెట్టి, తల కిందికి పెట్టుకుని ఎక్స్ ఆకారంలో కూర్చుంటుంది. కాళ్ల కొసల దగ్గర నుంచి గూడు అంచుల వైపు తెల్లటి దారంతో జిగ్‌జాగ్ కుట్టు వేసినట్టు గీతలున్నాయి. ఒక ఫేస్‌బుక్ గ్రూపులో ఫొటో పెడితే ఒకాయన "నైస్ స్టెబిలిమెంటమ్" అని ఒక్క ముక్క రాసి మాయమయ్యాడు. అది పురుగు పేరా, గూడు పేరా, ఆ గీతల పేరా? నా దగ్గరున్న డిక్షనరీలో లేదు. ఇంకో అనుమానం: మొన్న నాలుగు వైపులా ఉన్న గీతలు ఇవాళ రెండే ఉన్నాయి. ఎవరైనా చెరిపారా, అదే అలా చేసుకుంటుందా? పిల్లలు తిరిగే చోటని మా అత్తగారికి ఒకటే టెన్షన్.

కెమెరా_కిరణ్

ఆ గీతల పేరే అండీ. పురుగు మాత్రం ఆర్గియోప్. మన వైపు ఎక్కువగా కనిపించేవి ఆర్గియోప్ అనసూజ, ఆర్గియోప్ పుల్చెల్లా. ఏదో ఖాయంగా చెప్పాలంటే పొట్ట పైభాగం, అడుగుభాగం రెండూ కనబడే ఫొటోలు కావాలి. ఇంగ్లీషులో వీటిని సిగ్నేచర్ స్పైడర్ అంటారు.

అత్తగారికి ధైర్యం చెప్పండి. మనుషులకు దీనివల్ల ప్రమాదం లేదు. పట్టుకుని నలిపితే ఏ పురుగైనా కరవడానికి చూస్తుంది, అంతే. దగ్గరికెళ్తే గూటిని ముందుకీ వెనక్కీ జోరుగా ఊపుతుంది, లేదంటే గూటికి అవతలి వైపు దూరుతుంది. మరీ భయపడితే దారం వదులుతూ కిందికి జారిపోతుంది.

గీతలు మారడం మామూలే. గూటిని తరచూ విప్పి కొత్తగా కట్టుకుంటుంది. కట్టినప్పుడల్లా నాలుగూ వేయాలని రూలేం లేదు. ఒకటి, రెండు, ఒక్కోసారి అసలేమీ ఉండవు.

జువాలజీ_మేడం

సరళ గారూ, మాట గురించి అడిగారు కాబట్టి కొంచెం వివరంగా చెప్తాను. స్టెబిలిమెంటమ్ లాటిన్ మాట. ఆసరా, ఊతం అని అర్థం. బహువచనం స్టెబిలిమెంటా. 19వ శతాబ్దం చివర్లో యూజీన్ సిమోన్ అనే ఫ్రెంచి సాలెపురుగుల నిపుణుడు ఈ పేరు వాడాడు. ఆ మందపాటి పట్టు గూటికి బలాన్నిస్తుందని ఆయన ఉద్దేశం.

చక్రంలా గుండ్రంగా గూడు కట్టే కొన్ని సాలెపురుగులు మధ్యభాగంలో కొట్టొచ్చినట్టు కనబడేలా అదనంగా అల్లే పట్టు పట్టీకే ఈ మాట వాడాలి. మొత్తం గూడుకు వాడకూడదు. గుడ్ల సంచికీ వాడకూడదు. విద్యార్థుల రికార్డుల్లో ఈ రెండు తప్పులూ చూస్తుంటాను. ఈ పట్టీ జిగురుగా ఉండదు. పురుగులు అతుక్కునేది గుండ్రంగా తిరిగే పోగులకు. ఆర్గియోప్ దొరికిన మిడతను క్షణాల్లో చుట్టేస్తుంది చూడండి, ఆ చుట్టే పట్టు, ఈ గీతల పట్టు ఒకే రకం గ్రంథుల నుంచి వస్తాయి. వాటిని అసినిఫార్మ్ గ్రంథులంటారు.

చిక్కు ఎక్కడంటే, బలాన్నిస్తుందన్న వాదన తర్వాతి పరిశోధనల ముందు నిలబడలేదు. పట్టీ చాలాసార్లు గూటికి వదులుగానే అతికి ఉంటుంది. అందుకని ఇప్పుడు చాలామంది పరిశోధన పేపర్లలో వెబ్ డెకరేషన్, అంటే గూటి అలంకరణ అని రాస్తున్నారు. పాత పేరు మాత్రం పోలేదు.

సందేహాల్రావు

పేరులో ఉన్న పని చేయదు, సరే. మరి ఏం పని చేస్తుంది? అంత పట్టు ఊరికే తగలేస్తుందా? పట్టపగలు నడి గూట్లో కూర్చుని చుట్టూ తెల్లగా గీతలు పెట్టుకుంటే, వచ్చి తినమని పిట్టకు అడ్రస్ ఇచ్చినట్టే కదా!

జువాలజీ_మేడం

రావు గారూ, ఆ ప్రశ్న మీదే పరిశోధకులు దశాబ్దాలుగా కొట్టుకుంటున్నారు.

ముందు పిట్టల సంగతి. 1983లో ఐస్నర్, నోవికీ సైన్స్ పత్రికలో ఒక ప్రయోగం రాశారు. పురుగు లేని ఖాళీ గూళ్లు తీసుకుని కొన్నింటికి స్టెబిలిమెంటమ్ లాంటి కృత్రిమ గుర్తులు పెట్టారు, కొన్నింటిని అలాగే వదిలారు. గుర్తులు లేనివి పగలు గడిచేలోపే దాదాపు అన్నీ చిరిగిపోయాయి. గుర్తులున్నవి సగానికి పైగా నిలిచాయి. అంటే ఎగిరే పిట్టకు "ఇక్కడ గూడుంది, పక్కనుంచి పో" అని చెప్పే బోర్డు అన్నమాట. ఒంటికి పట్టు అంటుకోవడం పిట్టకూ ఇష్టం ఉండదు.

తర్వాత 1990లో క్రెయిగ్, బెర్నార్డ్ ఇంకో దారి పట్టారు. ఈ పట్టు అతినీలలోహిత కాంతిని బాగా ప్రతిఫలిస్తుంది. పూలలోనూ ఆ కాంతి ఉంటుంది, తేనెటీగల వంటివి దాన్ని చూడగలవు. కాబట్టి ఇది పురుగులకు వేసే ఎర అన్నారు. చదవడానికి ఇది బాగానే ఉంటుంది. కానీ 1999లో బ్లాక్‌లెడ్జ్, వెంజెల్ అమెరికా ఆర్గియోప్ మీద పనిచేసి అందుకు ఎదురుగా చెప్పారు. గీతలున్న గూళ్లలో వేట దాదాపు 30 శాతం తగ్గింది. పిట్టల వల్ల జరిగే నష్టం కూడా తగ్గింది. తిండి కొంత పోయినా గూడు దక్కుతుంది.

నన్నడిగితే పిట్టల వాదన వైపే మొగ్గు. అయితే అన్ని జాతులకూ ఒకే జవాబు ఉండాలని పట్టుబట్టడం వల్లే ఇంత గొడవ అనిపిస్తుంది.

సందేహాల్రావు

పిట్టకు బోర్డు సరే. ఆ బోర్డు చదవగలిగే వేరే శత్రువు ఉంటే?

జువాలజీ_మేడం

ఉన్నాయి. పోర్షియా అని గెంతే సాలెపురుగు ఒకటుంది, దానికి తిండే తోటి సాలెపురుగులు. గీతలున్న గూళ్ల వైపు అది ఎక్కువగా పోతుందని 2001లో తేల్చారు. ఆస్ట్రేలియాలో గొల్లభామల (ప్రేయింగ్ మాంటిస్) మీద చేసిన ప్రయోగంలోనూ అంతే. ఇంకా చిత్రం ఏంటంటే, చుట్టుపక్కల పోర్షియా వాసన తగిలితే ఆర్గియోప్ వెర్సికలర్ పిల్లలు గీతలు తగ్గించేస్తాయి. సరళ గారి గూట్లో గీతలు రోజుకో రకంగా మారడానికి ఇలాంటి కారణం ఏదైనా ఉండొచ్చు. కడుపు నిండిన ఆర్గియోప్‌లు పెద్ద గీతలు వేస్తాయని కూడా చూశారు. పట్టు కూడా తిన్న తిండిలోంచి రావాల్సిందేగా. పనామాలో అయితే కుట్టని తేనెటీగలు గీతలున్న గూటి చోటును గుర్తుపెట్టుకుని తప్పుకోవడం నేర్చుకున్నాయట. రోజూ ఆకారం మారుస్తుంటే అలా నేర్చుకోవడం కష్టమవుతుందని క్రెయిగ్ వాదన.

అట్లాంటా_స్వాతి

ఇక్కడ అమెరికాలోని జార్జియాలో మా పెరట్లో ఆగస్టు దాటగానే నలుపు, పసుపు ఆర్గియోప్ ఆరాన్షియా కనబడుతుంది. దీన్ని రైటింగ్ స్పైడర్ అంటారు. గూట్లో మన పేరు రాసిందంటే చావు మూడినట్టే అని ఈ దక్షిణాది రాష్ట్రాల్లో పాత నమ్మకం. మా పక్కింటి పెద్దావిడ ఇప్పటికీ దాని ముందు ఎవరి పేరూ పలకదు.

నాకు ఈ మాట పనికొచ్చింది వేరే చోట. 2014లో జార్జియాలో మొదటిసారి గుర్తించిన జోరో సాలెపురుగు ఇప్పుడు ఎక్కడ చూసినా అదే. అదీ పసుపే, అదీ పెద్దదే. మన తెలుగు వాట్సాప్ గ్రూపుల్లో రెండింటినీ కలిపేసి "చంపేయండి" అంటున్నారు. గూట్లో జిగ్‌జాగ్ పట్టీ ఉంటే అది ఇక్కడి ఆర్గియోప్. జోరో గూట్లో అది ఉండదు, దాని పట్టు బంగారు రంగులో మెరుస్తుంది, గూడు కూడా గజిబిజిగా పొరలు పొరలుగా ఉంటుంది. పట్టీ లేనంత మాత్రాన ఆర్గియోప్ కాదని చెప్పలేం, కిరణ్ గారు చెప్పినట్టు.

సిడ్నీ_శ్రీను

మా దగ్గర ఆర్గియోప్ కీసర్లింగీ. సెయింట్ ఆండ్రూస్ క్రాస్ స్పైడర్ అంటారు. ఆండ్రూ అనే సెయింటును ఎక్స్ ఆకారపు శిలువ మీద చంపారని క్రైస్తవుల కథనం, పేరు అక్కడిది. ప్రతి గార్డెన్‌లో ఉంటుంది, ఎవరూ పట్టించుకోరు.

వరిచేను_వెంకన్న

మాకు ఇవి గట్ల వెంబడి, దుబ్బుల మధ్యన కనపడతాయి. వ్యవసాయాధికారులు మిత్రపురుగుల చార్టు చూపిస్తే అందులో సాలెపురుగులే నాలుగైదు రకాలుంటాయి. వరిలో ఉండే దాని పేరు ఆర్గియోప్ కాటెన్యులాటా అని చెప్పారు. గూట్లో మిడతలు, ఆకుముడత రెక్కల పురుగులు చిక్కుకుని ఉంటాయి. వరి రసం పీల్చే సుడిదోమ మీద అయితే గూడు కట్టకుండా దుబ్బు మొదట్లో తిరిగే తోడేలు సాలెపురుగే మొనగాడు. దోమపోటు అనగానే మందు కొట్టేస్తే ముందు చచ్చేవి ఇవే.

నాకు ఆ లాటిన్ పేరుతో పనిలేదు గానీ ఒకటి అడుగుతా. మా చేలో కొన్ని గూళ్లకు ఎక్స్ గీతల బదులు నడుమ గుండ్రంగా తెల్లటి బిళ్ల ఉంటది. అది వేరే జాతా?

కెమెరా_కిరణ్

వెంకన్న గారూ, మధ్యలో కూర్చున్న పురుగు చిన్నగా ఉంటే అది ఆర్గియోప్ పిల్లే అయ్యుండొచ్చు. చాలా ఆర్గియోప్‌లు చిన్నప్పుడు బిళ్లలాగా అల్లి, పెద్దయ్యాక ఎక్స్‌కు మారతాయి. అదీ స్టెబిలిమెంటమే.

ఎక్స్ ఉంటేనే స్టెబిలిమెంటమ్ అనుకోకండి. యులోబొరస్ అనే చిన్న సాలెపురుగు అడ్డంగా పరిచినట్టు గూడు కట్టి అందులో తిన్నటి గీతో, చుట్టలు తిరిగే గీతో వేస్తుంది. దానికి విషగ్రంథులే ఉండవు. సైక్లోసా అయితే తిని పారేసిన పురుగుల డొక్కులు, చెత్త, పట్టు కలిపి నిలువుగా ఒక వరస పేర్చి, ఆ వరసలోనే ముడుచుకుని కూర్చుంటుంది. వెతికినా కనపడదు. ఆ చెత్త వరసను కూడా స్టెబిలిమెంటమ్ అనాలా వద్దా అన్నదాని మీద ఏకాభిప్రాయం లేదు. నేను ఫొటో కింద "చెత్త వరస" అనే రాస్తాను. ఒకటి కనబడ్డానికి, ఇంకోటి దాక్కోవడానికి. రెండింటికీ ఒకే పేరెందుకు?

జువాలజీ_మేడం

యులోబొరస్ కుటుంబం మాట వచ్చింది కాబట్టి చెప్తాను. జపాన్‌లో ఆక్టొనోబా అనే దాని మీద వతనబే చేసిన పని 2000లో వచ్చింది. ఆకలితో ఉన్నప్పుడు అది చుట్టల గీత వేస్తుంది, కడుపు నిండినప్పుడు తిన్నటి గీత వేస్తుంది. చుట్టల గీత ఉన్న గూట్లో పోగులు బిగువుగా ఉంటాయి, చిన్న పురుగు తగిలినా కదలిక తెలుస్తుంది. ఇక 2025లో ఆర్గియోప్ బ్రూనికీ గూళ్ల మీద ఒక అధ్యయనం వచ్చింది. కొన్ని దిశల్లో పుట్టే కంపనాలు గూట్లో ఎక్కువ చోట్లకు చేరడానికి పట్టీ తోడ్పడవచ్చని కంప్యూటర్ నమూనాల్లో తేలింది. గూటి నిర్మాణానికి దీనితో సంబంధమే లేదని కొట్టిపారేసిన వాళ్లు మళ్లీ ఆలోచించాలి.

బ్లాగు_భాస్కర్

నేను తెలుగులో సైన్సు వ్యాసాలు రాస్తుంటాను. దీనికి "స్థిరీకరణి" అని రాయొచ్చా? ఎవరూ వాడలేదనుకుంటా.

ప్రూఫ్_రీడర్

వద్దండీ. ఇంగ్లీషువాడికి లాటిన్ పేరు ఒక శబ్దం మాత్రమే, లోపలి అర్థం చెవిన పడదు. మనకు స్థిర అనగానే స్థిరత్వమే గుర్తొస్తుంది. పోయిన వాదాన్ని పనిగట్టుకుని తెలుగులోకి తెచ్చినట్టవుతుంది. "అలంకరణ"తోనూ అదే పేచీ, సాలెపురుగు అందం కోసం చేసుకుంటోందనిపిస్తుంది. మొదటిసారి "గూటి మధ్యలో అల్లే తెల్లటి పట్టు పట్టీ, స్టెబిలిమెంటమ్" అని రాసి, ఆ తర్వాత పట్టు పట్టీ అంటే చాలు. దాని పని ఏమిటన్న వాదన పేరులోకి రాదు.

అలాగే ఇంట్లో మూలల్లో పట్టేదాన్ని బూజు అనండి, తోటలో కట్టేదాన్ని సాలెగూడు అనండి. అనువాదకులు రెండింటికీ సాలెగూడే రాసేస్తే పిల్లలు అటక మీద ఎక్స్ కోసం వెతుకుతారు.

బ్లాగు_భాస్కర్

బహువచనం? "స్టెబిలిమెంటాలు" అంటే మేడం ఊరుకుంటారా?

జువాలజీ_మేడం

పరీక్షలో రాస్తే మార్కు తగ్గిస్తాను. స్టెబిలిమెంటా అంటేనే బహువచనం కదా. బ్లాగులో "స్టెబిలిమెంటమ్‌లు" రాసుకోండి, పాఠకులకు హాయిగా ఉంటుంది.

కాళహస్తి_కుర్రోడు

మా ఊరి పేరులో శ్రీ అంటేనే సాలెపురుగు. స్వామికి గూడు కట్టి సేవ చేసింది కదా, ఆ గూట్లో ఎక్స్ ఉందంటారా? 😄

ప్రూఫ్_రీడర్

మంచి ప్రశ్నే, థ్రెడ్ దారి తప్పుతుంది. ఇంకోటి మొదలెట్టండి.

మిద్దెతోట_సరళ

అందరికీ థాంక్సండీ. మా అత్తగారికి చదివి వినిపిస్తే "పిట్టలు గూడు చింపకుండా అయితే ఉంచుదాంలే" అన్నారు. ఒక్కటే సమస్య, కాకరకాయలు కోయడానికి ఆ గూటి మీద నుంచే చెయ్యి పెట్టాలి. గూడు కదిలిస్తే పోతుందా?

కెమెరా_కిరణ్

పోదు. పక్క కొమ్మకు మారి మళ్లీ కట్టుకుంటుంది. పొద్దున్నే గూటికి వెనక వైపు నుంచి కోసుకోండి. గూటి అంచున సన్నగా ఇంకో పురుగు కనిపిస్తే పిల్ల అనుకుని దులిపేయకండి, అది మగది కావచ్చు. ఆడదాని పక్కన చాలా చిన్నగా ఉంటుంది.