బ్లూస్ 2018-19: ‘అట్టడుగు నుంచి కప్పు దాకా’ అని డాక్యుమెంటరీ ఎత్తుకోవడం సబబేనా?

నీలిజెర్సీ:
సెయింట్ లూయిస్ బ్లూస్ కథ చెప్పమంటే ఎవరైనా 2019 జనవరి 3 ఉదయం దగ్గరే ఎత్తుకుంటారు. అప్పట్లో 31 జట్లున్న ఉత్తర అమెరికా ఐస్ హాకీ లీగ్ ఎన్‌హెచ్‌ఎల్‌లో 31వ స్థానం. అక్కణ్ణుంచి నేరుగా జూన్ 12కి గెంతు: బోస్టన్‌లో ఏడో ఆట, 4-1, లీగ్ విజేతకిచ్చే స్టాన్లీ కప్. 1967లో లీగ్‌లోకి వచ్చిన జట్టుకి అదే మొదటి కప్పు.

ఇది అబద్ధం కాదు, కానీ సగం నిజం. ఆ ఉదయానికి బ్లూస్ ఆడినవి 37 ఆటలే. 15 గెలుపులు, 18 ఓటములు, అదనపు సమయంలో పోయినవి 4 (వీటికి ఒక్కో పాయింటు), మొత్తం 34 పాయింట్లు. చాలా జట్లు అప్పటికే వీళ్లకంటే రెండు మూడు ఆటలు ఎక్కువ ఆడేశాయి. గెలుపుకి 2 పాయింట్లు కాబట్టి మూడు ఆటలంటే ఆరు పాయింట్ల వరకు తేడా రావచ్చు. ఆటకి సగటున ఎన్ని పాయింట్లో చూస్తే అడుగున బ్లూస్ ఉండదు. తెర మీద పెద్దక్షరాలతో ‘31’ వేసి ఈ సంగతి దాచడం ఏ రకం డాక్యుమెంటరీ?

ఎడిటింగ్_టేబుల్:
నీలిజెర్సీ గారూ, ఆ రోజు పేపర్లో వచ్చిన పట్టిక అదే, ఆటగాళ్లు చూసిందీ అదే. సగటు పాయింట్లు చూసి ఎవడూ బెంబేలెత్తడు. పైగా గ్రాఫిక్ తెర మీద ఉండేది నాలుగైదు సెకన్లు. అందులో 0.459 (దక్కగల 74 పాయింట్లలో 34) అని వేస్తే ప్రేక్షకుడు చదివేలోపే షాట్ మారిపోతుంది. మీ అభ్యంతరానికి తేలికైన విరుగుడుంది: పట్టికలో పాయింట్ల పక్కన ‘ఆడినవి’ అనే గడి తీసేయకుండా ఉంచాలి. చూడగలిగినవాళ్లు చూస్తారు.

గోలీ_గోడ:
మీరిద్దరూ జనవరి 3 దగ్గర కొట్టుకుంటున్నారు. అసలు తిరకాసు దానికి ముందే ఉంది.

2018 నవంబర్ 19న కోచ్ మైక్ యోని తీసేశారు. అప్పటికి 7-9-3 (గెలుపులు, ఓటములు, అదనపు సమయంలో పోయినవి). తాత్కాలిక కోచ్‌గా క్రెయిగ్ బెరూబీ వచ్చాడు. మామూలు ఎడిటింగ్ ఏం చేస్తుంది? కోచ్ మార్పు, డ్రమ్స్, గోల్స్ వరస. కానీ జనవరి 3 వరకు బెరూబీ ఆడించిన 18 ఆటల్లో ఫలితం 8-9-1. అంటే ఆరు వారాలపాటు పట్టికలో మార్పేమీ లేదు! ఆ తర్వాతి 45 ఆటల్లో 30-10-5. మొత్తం 99 పాయింట్లు.

మధ్యలో మారిందేమిటంటే, జనవరి 7న ఫిలడెల్ఫియాలో జోర్డన్ బిన్నింగ్టన్ మొదటిసారి గోలీగా (గోల్ కాపలాదారుగా) ఆట మొదలుపెట్టాడు. 3-0, షటౌట్, అంటే ఒక్క గోలూ ఇవ్వలేదు. సీజన్ ముగిసేసరికి అతని లెక్క 24-5-1. ఆ 45లోంచి ఇవి తీసేస్తే మిగిలేది 6-5-4. కోచ్ మీద నడిపే సినిమా ఏదైనా ఈ తీసివేతకి జవాబు చెప్పాలి.

ఫోర్‌చెక్_రెండోవాడు:
తీసివేత సరే బ్రో, కానీ సీజన్ తర్వాత కప్పు కోసం ఆడే ప్లేఆఫ్స్‌లోకి వస్తే ఆ లెక్క పలచబడుతుంది. సీజన్‌లో 0.927 ఉన్న బిన్నింగ్టన్ సేవ్ సగటు (వచ్చిన షాట్లలో ఆపినవాటి వాటా) ప్లేఆఫ్స్‌లో 0.914. మంచిదే, అద్భుతం కాదు. ప్లేఆఫ్స్ మేటి ఆటగాడి ట్రోఫీ కూడా బ్లూస్ ఆటగాడు ర్యాన్ ఓరైలీకి వెళ్లింది, గోలీకి కాదు.

ఏడో ఆట మొదటి పీరియడ్ మాత్రం నీకే ఇచ్చేస్తున్నా. షాట్లు బోస్టన్ 12, బ్లూస్ 4. స్కోరు చూస్తే 2-0 బ్లూస్! అక్కడ గోలీయే నిలబెట్టాడు.

నా గొడవ కెమెరాతో. గోల్ వెనక నుంచి బిగించి తీసిన షాట్లో గోలీ తప్ప ఇంకేం కనపడదు. ఫోర్‌చెక్ (ప్రత్యర్థి వైపే వెళ్లి పక్ లాక్కునే ఒత్తిడి) కనపడాలంటే పైనుంచి తీసిన వెడల్పు షాట్ కావాలి. పక్‌ని (హాకీ బిళ్లని) మూలకి కొట్టిన క్షణం నుంచి ఆరేడు సెకన్లు కోత పెట్టకూడదు. మొదటివాడు రింక్ చుట్టూ ఉండే బోర్డు దగ్గర ఒంటితో అడ్డం పడతాడు, రెండోవాడు పక్ అందుకుంటాడు, మూడోవాడు ఎదురుదాడికి కాపలాగా పైనే ఆగుతాడు. రెండు సెకన్లకో కోత పెడితే మూడోవాడు సినిమాలోనే ఉండడు.

ఎడిటింగ్_టేబుల్:
ఒప్పుకుంటా. కానీ వెడల్పు షాట్‌కి ఇంకో చిక్కుంది. ప్రసారం ఫుటేజీ సెకనుకి 60 ఫ్రేములు, సినిమా 24. గంటకి 150 కి.మీ.తో పోయే పక్ 60 దగ్గర ఫ్రేముకి 0.7 మీటర్లు జరిగితే, 24 దగ్గర 1.7 మీటర్లు గెంతుతుంది. పైగా 60ని 24కి దించితే ఓసారి రెండో ఫ్రేము, ఓసారి మూడోది ఎంచుకోవాలి. కెమెరా పక్కకి తిరిగినప్పుడల్లా బొమ్మ కుదుపుతుంది. వేగాన్ని 40 శాతానికి తగ్గిస్తే ప్రతి ఫ్రేమూ ఒక్కోసారి వచ్చి బొమ్మ నున్నగా ఉంటుంది. అందుకే ఎడిటర్లు స్లో మోషన్‌కి ఎగబడేది. అన్నిసార్లూ భావోద్వేగం కోసం కాదు.

నీలిజెర్సీ:
రిఫరీల సంగతి ఎవరూ ఎత్తలేదు. ప్లేఆఫ్స్‌లో శాన్ హోసేతో మూడో ఆట అదనపు సమయంలో వాళ్ల టీమో మెయర్ చేత్తో తోసిన (అలా అందించడం తప్పు) పక్ నైక్విస్ట్‌కి, అతని నుంచి కార్ల్‌సన్‌కి చేరి గోల్ అయింది. బ్లూస్ 4-5తో ఓడింది. అప్పటి నియమాల ప్రకారం అది వీడియో సమీక్షకి రాదు. తర్వాతి సీజన్‌కి నియమం మార్చారు. ఇది బ్లూస్ సినిమాల్లోకి తప్పకుండా వస్తుంది, కన్నీళ్లతో సహా.

మరి ఫైనల్ ఐదో ఆట? బ్లూస్ బోజాక్ కాలు తగిలి బోస్టన్ అచ్చారీ పడ్డాడు. విజిల్ మోగలేదు, క్షణాల్లో బ్లూస్ పెరాన్ గోల్, 2-0. ఆట 2-1తో ముగిసింది. ఆ గోల్ తీసేస్తే 1-1. మొదటిది పూర్తిగా చూపించి, రెండోదాంట్లో పెరాన్ షాట్ దగ్గర మొదలుపెడితే అది డాక్యుమెంటరీ కాదు, జట్టు కరపత్రం.

గోలీ_గోడ:
రెండూ ఒకే నిడివిలో, పడిపోవడంతో సహా ఉండాలి. దీంట్లో నాకు పేచీ లేదు. ఎడిటింగ్ గారూ, ఆ 8-9-1కి మీరైతే ఎన్ని నిమిషాలిస్తారు?

ఎడిటింగ్_టేబుల్:
తొంభైలో ఆరు. ఓడినవాటికి పాట వేయను. బెరూబీ గొంతు, స్కేట్ల చప్పుడు, అంతే.

నీలిజెర్సీ:
పది.