ఫుట్‌బాల్‌లో నాలుగో, ఐదో లీగ్ డిఫెండర్ బతుకు ఎలా ఉంటుంది? జర్మనీలో దగ్గర నుంచి చూసినవాళ్ళు చెప్పండి

బొల్లె_మెట్లు

2014 అక్టోబర్‌లో చదువుకోడానికి డార్మ్‌స్టాట్ వచ్చాను. షేరింగ్ ఫ్లాట్‌లో పక్క గది కుర్రాడు ఐదో లీగ్‌లో సెంటర్ బ్యాక్, అంటే గోల్ ముందు మధ్యలో కాపలా కాసే డిఫెండర్. ఫ్రీజర్‌లో పై అర ఎప్పుడూ వాడి ఐసు సంచులతోనే నిండి ఉండేది, అమ్మ కట్టిచ్చిన గోంగూర పెట్టుకుందామంటే చోటుండేది కాదు. పొద్దున ఐదింటికి లేచి గోడౌన్‌లో పార్సిళ్ళు సర్దేవాడు, మధ్యాహ్నం వచ్చి బూట్లు కూడా విప్పకుండా గంట పడుకునేవాడు, సాయంత్రం ఆరున్నరకి ప్రాక్టీసు. ఎడమ కనుబొమ్మ మధ్యలో వెంట్రుకలు మొలవని గీత ఒకటి ఉండేది, ఒకే చోట మూడుసార్లు కుట్లు పడ్డాయట. అద్దంలో చూసుకుని దాన్ని బొటనవేలితో రుద్దుకోవడం వాడికి అలవాటు.

వాడే నన్ను మొదటిసారి బొలెన్‌ఫాల్టోర్ స్టేడియానికి తీసుకెళ్ళాడు. ఊళ్ళో అందరూ దాన్ని ముద్దుగా బొల్లె అంటారు. అప్పట్లో పాతకాలపు సిమెంటు మెట్లు, వాటి పగుళ్ళలో గడ్డి, పైన కప్పు లేదు, వానొస్తే తడవడమే. బంతి ఎటు పోతే అటు చూస్తున్నాను నేను. వీడు నా తల పట్టుకుని పక్కకి తిప్పి, "బంతిని కాదు, ఆ కెప్టెన్‌ని చూడు" అన్నాడు. ఆ కెప్టెన్ ఐటాచ్ సులు.

సులు కథ తెలియనివాళ్ళ కోసం. 1985లో హైడెల్‌బెర్గ్‌లో పుట్టాడు. హోఫెన్‌హైమ్ రెండో జట్టు, ఆలెన్, తర్వాత టర్కీలో గెన్‌చ్లర్‌బిర్లీ, అక్కణ్ణుంచి ఆస్ట్రియా రెండో లీగ్‌లో ఆల్టాఖ్. 2013 జనవరిలో, 27 ఏళ్ళప్పుడు, మూడో లీగ్ అడుగున కొట్టుకుంటున్న డార్మ్‌స్టాట్‌కి వచ్చాడు. ఆ సీజన్‌లో ఇరవై జట్లలో 18వ స్థానం, అంటే కిందికి పడిపోయినట్టే లెక్క. కానీ పక్క ఊరు ఓఫెన్‌బాఖ్ క్లబ్ అప్పుల పాలై లైసెన్స్ పోగొట్టుకోవడంతో డార్మ్‌స్టాట్ బతికిపోయింది. పక్కింటి పెళ్ళి ఆగిపోతే మనింట్లో భోజనాలు పెట్టినట్టు. రెండేళ్ళు తిరిగేసరికి అదే జట్టు బుండెస్‌లీగాలో, అంటే అన్నిటికన్నా పై లీగ్‌లో ఉంది, సులు 29 ఏళ్ళకి అక్కడ మొదటి మ్యాచ్ ఆడాడు.

నా ఫ్లాట్‌మేట్‌కి అంత అదృష్టం లేదనుకోండి. ఇలాంటి ఆటగాళ్ళని మీలో ఎవరైనా దగ్గర నుంచి చూశారా? డబ్బు, దెబ్బలు, ఇల్లు, ఏదైనా సరే రాయండి.

అమీర్‌పేట్_రాత్రిబండి

నేను జర్మనీ మొహం చూడలేదు బ్రో, కానీ 2014 మే 19 మ్యాచ్ హాస్టల్లో దుప్పటి కప్పుకుని ఫోన్‌లో చూసినవాణ్ణి. రెండో లీగ్‌లోకి వెళ్ళడానికి బీలెఫెల్డ్‌తో రెండు మ్యాచ్‌ల పోరు. సొంత ఊళ్ళో డార్మ్‌స్టాట్ 1-3తో ఓడింది, ఇక అయిపోయింది అన్నారు. అక్కడికెళ్ళి మామూలు టైమ్‌లో సరిగ్గా అదే 3-1తో గెలిచి ఎక్స్‌ట్రా టైమ్‌కి లాగారు. అందులో బీలెఫెల్డ్ గోల్ కొట్టింది, నేను ఫోన్ పక్కన పడేశాను. మళ్ళీ ఎందుకో తీసి చూస్తే 122వ నిమిషంలో ఎల్టన్ డా కోస్టా కొట్టాడు! మొత్తం 5-5, బయట ఊళ్ళో కొట్టిన గోల్స్ లెక్కలో డార్మ్‌స్టాట్ పైకి. నేనరిచిన అరుపుకి వార్డెన్ లేచొచ్చాడు. దొంగలు పడ్డారనుకున్నాడట పాపం.

సులుని డిఫెండర్ అంటారు గానీ 2015-16లో బుండెస్‌లీగాలో ఏడు గోల్స్ కొట్టాడు. లెవర్‌కుజెన్‌లో 1-0 గెలుపు అతని గోలే, డోర్ట్‌మండ్‌లో 90వ నిమిషంలో 2-2 చేసిందీ అతనే. కార్నర్ వస్తే చాలు, ముందుకి నడిచొచ్చేవాడు. పెళ్ళికి లేటుగా వచ్చినా భోజనం బంతికి మాత్రం కరెక్ట్‌గా అందుకునే మేనమామలా.

కోల్న్_నాన్న

నాది అనుభవం కాదు, టెన్షన్. తమ్ముళ్ళూ, కాస్త సలహా చెప్పండి.

మావాడికి పందొమ్మిది. ఇక్కడే పుట్టాడు, ఎలక్ట్రీషియన్ అప్రెంటిస్‌షిప్‌లో రెండో సంవత్సరం. సెంటర్ బ్యాక్. అండర్ 19 అయిపోయింది. ఇప్పుడు రెండు క్లబ్బులు అడుగుతున్నాయి. నాలుగో లీగ్ క్లబ్ అయితే పొద్దున పదింటికి ప్రాక్టీసు, అంటే పని మానేయాల్సిందే, ఒక్క ఏడాది కాంట్రాక్టు. ఐదో లీగ్ క్లబ్ అయితే సాయంత్రం ప్రాక్టీసు, డబ్బు పెట్రోలుకీ బూట్లకీ సరిపోతుందేమో. వాడు పైదే కావాలంటాడు. వాళ్ళమ్మ రెండూ వద్దంటుంది. నేనేమో ఇద్దరి ముందూ తలూపుతున్నాను.

మా ఊరి యోనాస్ హెక్టర్ గురించి వాడికి చెప్పి చూశాను. జార్‌లాండ్‌లో ఆవర్స్‌మాఖర్ అనే పల్లెటూరి క్లబ్‌లో ఇరవయ్యేళ్ళ దాకా ఆడాడు, 2010లో కోల్న్ రెండో జట్టుకి వచ్చాడు, ఆరేళ్ళు తిరిగేసరికి 2016 యూరో కప్‌లో ఇటలీ మీద చివరి పెనాల్టీ కొట్టి జర్మనీని సెమీస్‌కి పంపాడు. తొందరేం లేదురా అన్నాను. "హెక్టర్ ఒక్కడే నాన్నా" అన్నాడు. నా వాదనని నా మీదకే తిప్పాడు.

లెక్కల_మాస్టారు

కోల్న్ నాన్నగారూ, నేను ట్యాక్స్ ఆఫీసులో పని చేస్తాను. మా దగ్గరికి ఇలాంటి ఆటగాళ్ళ కాగితాలు వస్తుంటాయి, పేర్లు వద్దు. కాంట్రాక్టులో మొత్తం అంకె చూడకండి, ముందు ఆ కాంట్రాక్టు ఏ లీగ్‌కి చెల్లుతుందో చూడండి. క్లబ్ కిందికి పడిపోతే కాంట్రాక్టు దానంతటదే రద్దు అని ఒక వాక్యం చాలావాటిలో ఉంటుంది. జూన్ 30తో ముగుస్తుంది. జూలై 1న అబ్బాయి ఇంట్లో ఉంటాడు, వేరే క్లబ్బులు అప్పటికే జట్లు కట్టేసుకుని ఉంటాయి. పైగా జీతం తక్కువ చూపించి మిగతాది గెలిచిన మ్యాచ్‌కి ఇంత, ఆడిన మ్యాచ్‌కి ఇంత అని రాస్తారు. బెంచీ మీద కూర్చుంటే ఆ ఇంత లేదు. కాంట్రాక్ట్ ఆటగాడికి నెలకి కనీసం 250 యూరోలు ఇవ్వాలని నిబంధనల్లో చాలా ఏళ్ళు ఉంది, దాన్ని బట్టి కింది గీత ఎక్కడుందో ఊహించుకోండి.

రెండోది, క్లబ్బే మునగడం. దివాలా తీస్తే తొమ్మిది పాయింట్లు కోస్తారు. జీతం బాకీ ఉంటే ప్రభుత్వ నిధి నుంచి గరిష్ఠంగా మూడు నెలలది వస్తుంది, ఆ తర్వాత ఎవరి దారి వాళ్ళది. ట్యుర్క్‌గ్యుచు మ్యూనిక్ 2022 మార్చిలో మూడో లీగ్ సీజన్ మధ్యలో ఆట ఆపేసింది, అప్పటిదాకా ఆడిన మ్యాచ్‌ల ఫలితాలు కూడా కొట్టేశారు. ఒళ్ళు హూనం చేసుకుని సంపాదించిన పాయింట్లు లెక్కలోంచే పోయాయి. నాలుగో లీగ్ నుంచి పైకెక్కడం కూడా చూడండి, ఐదు గ్రూపులకి ఐదుగురు విజేతలు, పైన ఖాళీలు నాలుగే. మొదటి స్థానంలో నిలిచి కూడా అక్కడే ఉండిపోయిన జట్లున్నాయి.

అమీర్‌పేట్_రాత్రిబండి

మాస్టారూ, అంత భయపెడితే ఎవడూ ఆడడు. పందొమ్మిదేళ్ళకి కాకపోతే ఎప్పుడు రిస్క్ చేస్తాడు? ఎలక్ట్రీషియన్ పని ముప్ఫైకి కూడా నేర్చుకోవచ్చు.

ఫిజియో_పాప

అన్నయ్యా, నువ్వు దుప్పట్లోంచి చూశావు, నేను టేబుల్ మీద చూశాను 🙂

నేను ఫిజియోథెరపీలో ఉన్నాను, పోయిన ఏడాది వారానికి రెండు రోజులు ఒక నాలుగో లీగ్ జట్టు దగ్గర పని. అక్కడ 31 ఏళ్ళ డిఫెండర్ ఒకాయన ఉండేవాడు. ప్రాక్టీసుకి నలభై నిమిషాల ముందే వచ్చి కూర్చునేవాడు, ఎందుకంటే రెండు చీలమండలకీ టేపు చుట్టాలి. కుడి మోకాలు మడిస్తే టక్కుమనేది. ఆ చప్పుడు పక్కనున్నవాళ్ళకి వినబడకూడదని మోకాలి మీద చెయ్యి పెట్టుకుని మాటలు పెంచేవాడు. కోచ్ అడిగితే "నొప్పి లేదు". నన్నడిగితే "ఏప్రిల్ దాకా లాగించు చాలు". ఏప్రిల్ ఎందుకంటే కొత్త కాంట్రాక్టు మాటలు అప్పుడే మొదలవుతాయి. స్ట్రైకర్‌కైతే పోయినేడు కొట్టిన గోల్స్ చెప్పుకోడానికుంటాయి, డిఫెండర్‌కి తను ఆపినవి ఎవరు లెక్క రాస్తారు? ఆడిన నిమిషాలే అతని మార్కుల షీటు. అందుకే దాచేస్తారు.

పెద్దనాన్నగారూ, ఒక మంచి విషయం కూడా చెప్తాను. కాంట్రాక్టున్న ఆటగాడికి మ్యాచ్‌లో దెబ్బ తగిలితే అది పనిలో జరిగిన ప్రమాదం కింద లెక్క. మొదటి ఆరు వారాలు క్లబ్ జీతం ఇవ్వాలి, ఆ తర్వాత డబ్బు సంగతీ, వైద్యమూ ప్రమాద బీమా వాళ్ళు చూసుకుంటారు. మోకాలి లిగమెంట్ తెగితే తొమ్మిది నెలలు ఎక్కడికీ పోవు, అప్పుడు ఈ తేడా తెలుస్తుంది. కాబట్టి చేతికి డబ్బు ఇచ్చి నోటిమాటతో ఆడించే క్లబ్ అయితే మాత్రం వద్దనండి.

ఆదివారం_స్టాపర్

ఉల్మ్ దగ్గర ఊళ్ళో ఉంటాను, మా ఊరి మూడో జట్టులో ఆడతాను. లీగ్ నెంబర్ అడక్కండి, చెప్తే నవ్వుతారు. గోల్‌పోస్ట్ వెనక మొక్కజొన్న చేను, బంతి అందులో పడితే వెతికేదాకా ఆట ఆగుతుంది. నేను సెంటర్ బ్యాక్ ఎందుకయ్యానంటే పరిగెత్తలేను కాబట్టి.

మాకు నలభై కిలోమీటర్ల దూరంలో హైడెన్‌హైమ్. కోచ్ ఫ్రాంక్ ష్మిట్ ఆ ఊళ్ళో పుట్టినవాడే, ఆయన కూడా డిఫెండరే, ఆఖెన్, మన్‌హైమ్ అన్నీ తిరిగి చివరికి సొంత ఊరికొచ్చి కింది లీగ్‌లో ఆట ముగించాడు. 2007లో తాత్కాలికంగా కోచ్‌గా కూర్చోబెట్టారు, లేవలేదు. 2023లో బుండెస్‌లీగాకి తీసుకెళ్ళాడు, చివరి రోజు రేగెన్స్‌బుర్గ్‌లో రెండు గోల్స్ వెనకబడి, ఇంజురీ టైమ్‌లో రెండు కొట్టి 3-2. ఆ జట్టు కెప్టెన్ పాట్రిక్ మైన్కా కూడా సెంటర్ బ్యాకే, డోర్ట్‌మండ్ రెండో జట్టు నుంచి వచ్చాడు. డార్మ్‌స్టాట్‌ని పైకి తెచ్చిన డిర్క్ షుస్టర్ కూడా ఒకప్పటి డిఫెండరే కదా, వేరే క్లబ్బులు వద్దన్నవాళ్ళని ఏరుకొచ్చి జట్టు కట్టాడు. వెనక నిలబడి ఆట మొత్తం ఎదురుగా చూసేవాడికి కోచింగ్ తొందరగా పట్టుబడుతుందని మా క్లబ్ ముసలాయన అంటాడు. ఆయన గోల్‌కీపర్ కాదులెండి, అయ్యుంటే గోల్‌కీపర్లనే చెప్పేవాడు.

అన్నగారూ, మావాళ్ళలో నాలుగో లీగ్ ఆడొచ్చినవాడు ఒకడున్నాడు. ఉత్తరాదిలో ఫ్లెన్స్‌బుర్గ్ నుంచి ఓల్డెన్‌బుర్గ్ దాకా ఒక్క మ్యాచ్ కోసం మూడొందల పైచిలుకు కిలోమీటర్లు బస్సులో వెళ్ళి, బెంచీ మీద కూర్చుని, అర్ధరాత్రి తిరిగొచ్చిన రోజులు చెప్తుంటాడు. ఇప్పుడు బాత్రూమ్ టైల్స్ వేస్తాడు, బ్రహ్మాండంగా వేస్తాడు. 28కి మొదటి నుంచి నేర్చుకున్నాడు, పదహారేళ్ళ పిల్లల పక్కన క్లాసులో కూర్చుని. రాత్రిబండి అన్నట్టు నేర్చుకోవచ్చు, కానీ ఆ క్లాసు గురించి అడిగితే మాట మారుస్తాడు.

బొల్లె_మెట్లు

నా ఫ్లాట్‌మేట్ సంగతి పూర్తి చేస్తాను. 2015లో ఒక వేసవి వాడికి ఎవరూ ఫోన్ చెయ్యలేదు. రోజూ పొద్దున ఒక్కడే పార్కుకి పోయి చెట్టుకి బంతి కొట్టేవాడు. డ్యూయిస్‌బుర్గ్‌లో ఆటగాళ్ళ యూనియన్ వాళ్ళు ప్రతి వేసవీ క్లబ్ లేని ఆటగాళ్ళకి క్యాంప్ పెడతారు, పైలీగుల వాళ్ళతో నిండి ఉంటుంది, తనకి చోటు దొరకదని అడగను కూడా అడగలేదు. చివరికి ఆగస్టులో ఆరో లీగ్ క్లబ్ ఒకటి పిలిచింది, గోడౌన్‌లో షిఫ్ట్ మేనేజర్ కూడా అదే వారం అయ్యాడు. ఆ రెండో వార్తే ముందు చెప్పాడు నాకు.

సులు బుండెస్‌లీగా మొదటి మ్యాచ్ హానోఫర్‌తో, 2-2, అదే నెలలో. మేమిద్దరం రేడియోలో విన్నాం. టికెట్లు అప్పటికే మన చేతికి అందేవి కాదు.

కోల్న్_నాన్న

అందరికీ దండాలు. మాస్టారు చెప్పినట్టు నాలుగో లీగ్ క్లబ్ కాగితం చదివించాం. కింది లీగ్‌కి పడితే రద్దు అని నిజంగానే ఉంది, ఏడో పేజీలో. మావాడే చదివి పక్కన పెట్టాడు, మేమేమీ అనలేదు. ఐదో లీగ్ క్లబ్‌లో సంతకం చేశాడు, పని కూడా సాగుతోంది, పరీక్ష అయ్యాక పైకి చూస్తానన్నాడు.

పోయిన శనివారం మొదటి మ్యాచ్. 83వ నిమిషంలో మైదానంలోకి దింపారు. బంతి రెండుసార్లు తగిలింది, ఒకసారి తలతో, ఒకసారి కాలితో కొడితే కార్ పార్కింగ్‌లో పడింది. వాళ్ళమ్మ "అంత దూరం ఎందుకు కొట్టాడు, కోపమొచ్చిందా" అని అడిగింది. బాగా ఆడినట్టే అని చెప్పాను. ఇంటికొచ్చి ఫ్రీజర్ తెరిస్తే కరివేపాకు డబ్బా మీద రెండు ఐసు సంచులు.

బొల్లె_మెట్లు

డబ్బా ఇప్పుడే కింది అరలోకి మార్చెయ్యండి అన్నా. పై అర ఇక మీది కాదు.