కాలాన్ని వెనక్కి తిప్పినవాడికి ఎలాంటి శాపం తగలాలి?

ప్రశ్న – మహేంద్రతనయ, పర్లాకిమిడి

అందరికీ నమస్కారం. నేనొక మాంత్రిక నవల రాస్తున్నాను. కథ 1936లో, మా ఊరు కొత్తగా ఏర్పడిన ఒడిశా రాష్ట్రంలో కలిసిన రోజుల్లో జరుగుతుంది. కథానాయకుడి దగ్గర పాతకాలపు గడియకుడుక ఒకటి ఉంటుంది. అడుగున సన్నని బెజ్జమున్న ఆ రాగి గిన్నెను నీళ్ల తొట్టిలో వదిలితే, మెల్లగా నిండి మునిగేసరికి ఒక గడియ, అంటే 24 నిమిషాలు, గడుస్తుంది. మునగబోయే క్షణంలో మంత్రం చదివి పైకి తీస్తే ఆ గడియ మొత్తం వెనక్కి మళ్లుతుంది.

పాముకాటు వంటి అకాల మరణాలను తప్పించడానికి తప్ప వాడనని గురువుకు ప్రమాణం చేసినవాడు, సరిహద్దు మారిన గందరగోళంలో పొలం తగాదాలు గెలవడానికి ఈ విద్యను వాడుకుంటాడు. సాక్షి చెప్పిన మాట తనకు ఎదురు తిరిగితే గడియను వెనక్కి తిప్పి, ఆ సాక్షి నోరు విప్పకముందే అడ్డుపడతాడు. గురుశాపంతో ఒక్క రాత్రిలో ముసలివాడైపోయినట్టు రాశాను గానీ, అతడు చేసిన పనికీ ఆ శాపానికీ పొంతన కుదరడం లేదు. ఎలాంటి శాపమైతే సబబుగా ఉంటుందో పెద్దలు చెప్పగలరు.

జవాబు – గుణుపురం మాస్టారు

మీకు కావలసిన ఉదాహరణ మీ జిల్లాలోని మహేంద్రగిరి మీదే ఉంది. కర్ణుడు అబద్ధమాడి పరశురాముడి దగ్గర అస్త్రవిద్య నేర్చుకున్నది మహేంద్ర పర్వతం మీదనే అని భారతం చెబుతుంది. నిజం తెలిశాక ఆ గురువు శిష్యుణ్ణి చంపలేదు, కురూపిని చేయలేదు. సాటి యోధుడితో ప్రాణాల మీదికి వచ్చిన వేళ బ్రహ్మాస్త్రం గుర్తుకు రాకుండా పోతుందని మాత్రం శపించాడు. దొంగతనంగా సంపాదించిన విద్య ఏదో, శాపం సరిగ్గా దానికే తగిలింది.

ఆ లెక్కన మీ మాంత్రికుడు బతికినంతకాలం లోకం కంటే ఒక గడియ వెనకబడి ఉండాలి. ఎంత పెందలాడే బయలుదేరినా అతడికి గుణుపురం బండి దొరకకూడదు. (చిన్న రైలు 1931లోనే మా ఊరిదాకా వచ్చింది కనుక ఈ సన్నివేశం మీ కథాకాలానికి సరిపోతుంది.) కూతురి పెళ్లిలో పీటల పక్కనే కూర్చున్నా, అతడి కంటికి ఇంకా జీలకర్ర, బెల్లం నూరుతూనే ఉంటారు, అక్కడ తలంబ్రాలు కూడా అయిపోయి, బంధువులు ఒళ్లో పడిన అక్షింతలు దులుపుకుని లేస్తుంటారు. పిల్ల వంగి కాళ్లకు మొక్కి వెళ్లిపోయిన ఎంతోసేపటికి, ఖాళీ పీటల మీదికి అతడి చెయ్యి దీవించడానికి లేస్తుంది.

జవాబు – రాయగడ పాఠకురాలు

మాస్టారి ఊహ మనసును కలచివేసింది, కానీ అది అతడి నష్టం దగ్గరే ఆగిపోయింది. అతడు గడియను వెనక్కి తిప్పిన ప్రతిసారీ ఊరివాళ్లందరి గడియా చెరిగిపోయింది కదా! పక్క వీధిలో ఒక తల్లి, ఏళ్ల తరబడి మాటలు లేని కొడుకును ఆ గడియలోనే పిలిచి అన్నం పెట్టి ఉండవచ్చు. రెండోసారి ఆ గడియ నడిచినప్పుడు ఆమెకు ఆ ధైర్యం రాకపోయి ఉండవచ్చు. శుక్రుడు యయాతికి ఇచ్చిన ముసలితనాన్ని చివరికి మోసింది అతడి కొడుకు పూరుడు. ఒకరి తప్పు ఇంకొకరి ఆయుష్షు మీద పడడం మన కథలకు కొత్త కాదు. చెరిగిపోయిన ఆ గడియలన్నీ అతడొక్కడికే వినబడుతూ ఉండడాన్ని శాపంగా పెట్టండి. ఆ అన్నం పెట్టిన తల్లి గొంతు అతడి చెవిలో ఉంటుంది, ఆమెకు మాత్రం తాను పిలిచిన సంగతే తెలియదు.

జవాబు – బరంపురం నుంచి

శాపం ఇచ్చాక శాపావధి కూడా ఉండాలి. అయితే ఆ విమోచనం మళ్లీ కాలాన్ని తిప్పడం వల్ల రాకూడదు. వస్తే చేసిన తప్పే మందు అవుతుంది. పొలం తగాదా జరిగిన చోటికే అతడు వెళ్లి, ఆనాడు సాక్షి చెప్పిన మాటను అక్షరం పొల్లుపోకుండా అందరి ముందు తన నోటితో తానే చెప్పి, భూమిని వదులుకోవాలి. ఆ మాట ఇప్పుడు అతడొక్కడికే తెలుసు కాబట్టి, రాయగడ వారు చెప్పిన శాపంలోనే విమోచనం దాగి ఉంది. మరొక సంగతి: బెజ్జంలో ఒండ్రు చేరితే గిన్నె ఆలస్యంగా మునుగుతుంది. శాపం తగిలిందని అతడికి మొదట తెలియవలసింది అలాగే, ఎన్నిసార్లు తోమినా గిన్నె మునగకపోవడం చూసి.

మహేంద్రతనయ

ముగ్గురికీ కృతజ్ఞతలు. ముసలితనం తీసేస్తున్నాను. చెరిగిన గడియలు వినబడడమే అసలు శాపంగా ఉంటుంది. పెళ్లి ఘట్టాన్ని, మాస్టారి అనుమతితో, అది ముదిరిన దశగా రాస్తాను. అతడు నిజం చెప్పి భూమి వదులుకున్నాక, ఆ తల్లి దగ్గరికి కూడా వెళ్లి, ఆమె పిలిచిన సంగతి చెప్పాలా, చెప్పడానికి అతడికి హక్కు ఉందా అన్నది మాత్రం నాకింకా తేలలేదు. రాయగడ వారు దీనిమీద తమ అభిప్రాయం చెబితే, ఆ అధ్యాయం మొదలుపెడతాను.