ప్రొడక్షన్ మేనేజర్ లైన్‌లోకి వెళ్లొచ్చా? లోపల పనిచేసినవాళ్లు చెప్పండి

గోదారిగట్టు:
అందరికీ నమస్తే. మాది తణుకు, బీకామ్ అయ్యాక రెండేళ్లుగా రైస్ మిల్లులో లెక్కలు రాస్తున్నా. మా బాబాయికి తెలిసినాయన హైదరాబాద్‌లో ప్రొడక్షన్ మేనేజర్, అసిస్టెంటుగా వచ్చేయమంటున్నారు. సినిమా అంటే నాకు ప్రాణం, కానీ డైరెక్టరో యాక్టరో అయిపోవాలని లేదు. ఇంట్లో ఏమో షూటింగుల్లో టిఫిన్లు పెట్టడానికి డిగ్రీ ఎందుకురా అంటున్నారు. అసలు పనేంటి, తర్వాత ఎదుగుదల ఉంటుందా?

కృష్ణానగర్_పాతకాపు:
తమ్ముడూ, టిఫిన్ కూడా మన పనే, అందులో చిన్నతనం ఏం లేదు. ఆరింటికి ఫస్ట్ షాట్ అంటే మనం మూడున్నరకి లేవాలి, జనరేటర్ బయల్దేరిందా, మేకప్ వాళ్ల బండి ఎక్కడుంది, జూనియర్ ఆర్టిస్టులు ఎంతమంది ఎక్కారు, అన్నీ ఫోన్లోనే. టైం దాటితే కాల్షీట్ ఒకటిన్నర అవుతుంది, అంటే ఒక షిఫ్టుకి బదులు ఒకటిన్నర షిఫ్టు డబ్బులివ్వాలి, ఆ డబ్బు నిర్మాతది, కాబట్టి డైరెక్టర్ దగ్గరికెళ్లి ‘సార్ ఇంకో అరగంటే’ అని చెప్పాల్సింది కూడా మనమే. ఒకసారి అరకులో పొద్దున్నుంచి వాన, ముందురోజే ఎందుకైనా మంచిదని ఒక ఇల్లు మాట్లాడి పెట్టుకున్నా, లోపలి సీన్ అక్కడ తీసేశారు, రోజు పోలేదు. తెరమీద అది ఎవరికీ కనపడదు, నాకు మాత్రం ఆ సీన్ వస్తే ఇప్పటికీ కడుపు నిండిపోతుంది.

కష్టం కూడా విను. ఒక సినిమా మధ్యలో ఆగిపోయి నాకు నాలుగు నెలల జీతం రాలేదు, కానీ లైట్‌మేన్లు బేటా, అంటే వాళ్ల రోజువారీ డబ్బు, అడిగింది నన్నే, ఎందుకంటే పిలిచింది నేను.

వాహినివీధి:
మా నాన్న మద్రాసులో మేనేజర్‌గా చేసి ఇండస్ట్రీతో పాటే హైదరాబాద్ వచ్చేశారు. అప్పుడు నెగటివ్, అంటే కెమెరాలో వేసే ఫిల్మ్, దాని లెక్క కూడా మేనేజర్ల నెత్తినే, వెయ్యి అడుగుల రోల్ అంటే 11 నిమిషాలే, ఎక్కువ టేకులు పడితే ఆయనకి రాత్రి అన్నం సహించేది కాదు. రోజు ఖర్చు ఆ రాత్రే రాసేవారు, ఆటోకిచ్చిన రెండు రూపాయలు కూడా. ఆ నోటుబుక్కులు చూసే తర్వాత కంపెనీలు పిలిచేవి. మిల్లులో లెక్కలు రాశావు కదా, నీకున్న పెద్ద బలం అదే బాబూ.

పర్మిషన్_పిచ్చోడు:
ఇప్పుడు కాగితాల పని బాగా పెరిగింది బ్రో. గోల్కొండలో తీయాలంటే ఆర్కియాలజీ వాళ్ల అనుమతి, ఫ్రేములో ఎడ్లు కావాలంటే యానిమల్ వెల్ఫేర్ బోర్డు, రైలైతే రైల్వే వాళ్లు. అప్లికేషన్ నీట్‌గా రాయగలిగితే ప్రొడక్షన్ ఎగ్జిక్యూటివ్ దాకా వెళ్తావ్, బాగా నమ్మితే లైన్ ప్రొడ్యూసర్, అంటే నిర్మాత తరఫున ఖర్చు, షూటింగ్ మొత్తం చూసుకునేవాడివి. 2025 ఆగస్టులో సమ్మెతో షూటింగులు రెండు వారాలకి పైగా ఆగాయి కదా, డేట్లన్నీ మళ్లీ కూర్చింది కూడా మేనేజర్లే. చేతిలో ఆర్నెల్ల ఖర్చు పెట్టుకుని రా.

గోదారిగట్టు:
థాంక్స్ అన్నా, అందరికీ. కృష్ణానగర్ అన్నా, మరి ఆ లైట్‌మేన్ల బేటా తర్వాత ఇచ్చారా?

కృష్ణానగర్_పాతకాపు:
బైక్ అమ్మి ఇచ్చాను తమ్ముడూ. వాళ్లలో ముగ్గురు ఇప్పటికీ నా ఫోన్ వెళ్తే రేటు అడక్కుండా వచ్చేస్తారు.