శనివారం మూకీ సినిమాలు: హాలు లేదన్నారు

(శాన్ ఫ్రాన్సిస్కో దగ్గరి తెలుగువాళ్ల మాటలు; ఒక్కొక్కరికీ వాళ్ల సొంతూరి పేరు.)

వరంగల్: మిగిలిన పనులు: సమోసాల ఆర్డర్, పిల్లల క్విజ్, మృదంగానికి మైకు, కుర్చీలు. అవన్నీ తర్వాత. హాలువాళ్లు ఇప్పుడే ఫోన్ చేసిన్రు. ఈవెంట్ ఇన్సూరెన్స్ కాగితం లేకుంటే తాళం ఇవ్వరంట. మూడు రోజులే ఉన్నయి.

తెనాలి: ఇన్సూరెన్స్ సంగతి నెల కిందటే చెప్పాను. ఎవరు విన్నారు? అడ్వాన్స్ పోయినట్టేనా?

వరంగల్: ఆఫీసు అయినంక రోజూ ఆ హాలు చుట్టు తిరిగింది నేనక్కా. అందరి ముందు గట్ల అనకు.

ఒంగోలు: వచ్చే నెలకి వాయిదా వేద్దాం. సినిమాలు ఎక్కడికీ పోవుగా.

బందరు: పోయేవే అవి! 1906లో మైల్స్ సోదరులు కేబుల్ కారు ముందు కెమెరా పెట్టి శాన్ ఫ్రాన్సిస్కో మార్కెట్ స్ట్రీట్ పొడవునా ఫెర్రీ బిల్డింగ్ దాకా తీశారు. గుర్రబ్బళ్లు, మోటారు కార్లు, పట్టాలకు అడ్డంపడి పరిగెత్తే పిల్లలు. కొద్ది రోజులకే, ఏప్రిల్ 18న భూకంపం, వెనకే మంటలు. ఆ వీధి చాలావరకు కాలిపోయింది, వాళ్ల స్టూడియో కూడా. నెగటివ్ ముందే న్యూయార్క్ రైలెక్కింది కాబట్టి దక్కింది. మనలో సగం మంది రోజూ బార్ట్ రైలు దిగి నడిచేది ఆ వీధిలోనే. పెద్దవాళ్లు ఇండియా వెళ్లిపోయేలోపు వాళ్లకి చూపించాలి. వాయిదాకి నేను ఒప్పుకోను.

తెనాలి: మా గ్యారేజీ తలుపు తెల్లదే. దాని మీద వేస్తే?

ఒంగోలు: చీకటి పడేసరికి ఎనిమిదిన్నర దాటుతుందండీ. మూడు సినిమాలయ్యేసరికి పిల్లలు నిద్రపోతారు.

బందరు: మూడూ కలిపి అరగంట లోపే. న్యూయార్క్ సబ్‌వేది, అంటే భూగర్భ రైలుది, ఐదారు నిమిషాలు. 1905లో కెమెరామన్ బిట్జర్ తీసింది, అప్పటికి సబ్‌వే మొదలై ఏడు నెలలు కూడా కాలేదు. ముందు ఒక రైలు, దాని వెనకే కెమెరా ఉన్న రైలు, పక్క పట్టాల మీద దీపాల బండి. సొరంగంలో ఆ వెలుగే ఆధారం. జర్మనీలోని వుపర్టాల్‌లో వేలాడుతూ పోయే రైలుది, 1902 నాటిది, రెండు నిమిషాలే. ఏదీ తీసెయ్యొద్దు.

వరంగల్: అక్కా, ఇందాక తొందరపడ్డ.

తెనాలి: నేనూ అలా అనాల్సింది కాదు తమ్ముడూ. మృదంగం మాస్టారిని వరండాలో కూర్చోబెడదాం, మైకు అక్కర్లేదు. పక్కింటివాళ్లకి చెప్పాను, వాళ్లూ వస్తారట. నేను పులిహోర కలుపుతా. కుర్చీలు ఎవరివి వాళ్లే తెచ్చుకోండి.

ఒంగోలు: అయితే ప్రొజెక్టర్ నాది. పొడవాటి ఎక్స్‌టెన్షన్ వైరు ఎవరి దగ్గరుంది?

వరంగల్: నా దగ్గర 50 అడుగులది ఉన్నది. ఏడింటికి తెస్త.