ముల్లర్-లయర్ గీతలు: మనం మోసపోయేది పుట్టుకతోనా, పెరిగిన ఇళ్ల వల్లా?

సున్నా పాయింట్:
1889 నాటి ఆ బొమ్మ తెలుసుగా, సమానమైన రెండు గీతలు, ఒకదాని కొసల్లో రెక్కలు బయటికి విచ్చుకుని, ఇంకోదానికి లోపలికి మడుచుకుని ఉంటాయి, విచ్చుకున్నదే పొడుగ్గా కనిపిస్తుంది, స్కేలు పెట్టి చూశాక కూడా అంతే. నా లెక్కలో ఇది చదరపు గదుల్లో పెరిగినందుకు అంటుకున్న అలవాటు. గోడల మూలలు చూసీ చూసీ మెదడు ఆ విచ్చుకున్న రెక్కల్ని దూరంగా ఉన్న మూల అనుకుని గీతని సాగదీస్తుంది. సెగల్ అనే పరిశోధకుడూ ఆయన తోటివాళ్లూ 1966లో చెప్పింది ఇదే. ఆఫ్రికా కలహారి ఎడారిలో చదరపు గదులు ఎరగని సాన్ తెగవాళ్లు దాదాపు మోసపోలేదు, అమెరికాలో ఎవాన్‌స్టన్ పెద్దాళ్లకేమో పొట్టిగా కనిపించే గీతని ఐదో వంతు పెంచితే గానీ సమానం అనిపించలేదు. కాదనేవాళ్లు రండి.

చెరువుగట్టు:
కాదనే అంటా బ్రో. అమెరికా ఎంఐటీ యూనివర్సిటీ ప్రొఫెసర్ పవన్ సిన్హా ప్రాజెక్ట్ ప్రకాశ్ ఉంది కదా, పుట్టుకతో శుక్లాలున్న పిల్లలకి మన దేశంలోనే ఆపరేషన్లు చేయిస్తారు. చూపొచ్చీ రాగానే తొమ్మిది మందికి ఈ బొమ్మా, రైలు పట్టాల్లా దగ్గరపడే గీతల మధ్య పైనున్న అడ్డ గీత పొడుగ్గా కనిపించే పోంజో బొమ్మా చూపించారు, 2015లో పేపరొచ్చింది. గది మూల కంటితో ఎరగని పిల్లలు కూడా మనలాగే బోల్తా పడ్డారు. ఇంక నీ గోడలేం చేసినట్టు?

సున్నా పాయింట్:
మూలలు చేత్తో తడిమి నేర్చుకోరా ఏంటి? పైగా శుక్లం ఉన్నా వెలుతురూ నీడా ఎంతో కొంత తెలుస్తాయి. తొమ్మిది మందితో తేల్చేస్తావా?

కుంకుడుకాయ:
మధ్యలో దూరుతున్నా ఏమనుకోకండి. మన పక్కన నీలగిరుల్లో తోడా తెగవాళ్ల మీద రివర్స్ అనే ఇంగ్లీషు పరిశోధకుడు 1900ల మొదట్లోనే ఈ టెస్టు పెట్టాడు, వాళ్లు ఇంగ్లీషోళ్ల కంటే తక్కువ మోసపోయారు. వాళ్ల గుడిసెలు సగానికి కోసిన పీపాల్లా ఉంటాయి కాబట్టి సున్నా గారికి ఇది ప్లస్సే. కాకపోతే నిలువు గీత అడ్డ గీత కంటే పొడుగ్గా అనిపిస్తుందే, ఆ భ్రమలో మాత్రం తోడాలే ఎక్కువ పడ్డారు. అంటే ఏ కళ్లూ మాయకి అతీతం కాదన్నమాట. (మా నానమ్మకి చూపిస్తే స్కేలే తేడాగా ఉందంది, అది వేరే సంగతి.)

చెరువుగట్టు:
తక్కువ పడటం వేరు, అసలు పడకపోవడం వేరు అండి. ఇల్లు భ్రమని ఎక్కువతక్కువ చేస్తుందేమో, ఒప్పుకుంటా, పుట్టించేది మాత్రం ఇల్లు కాదు. పావురాలు కూడా ఈ గీతలకి మోసపోతాయని ప్రయోగాల్లో తేలింది, వాటికి ఏ మేస్త్రి గది కట్టాడు?

సున్నా పాయింట్:
ల్యాబ్ పావురం పెరిగేది బోనులో గురూ. బోనుకి మూలలుండవా? అడివి పావురంతో చేసి చూపించు, అప్పుడు మాట్లాడుకుందాం.