యోడెల్‌ని తెలుగులో ఏమందాం? గమకం అని మాత్రం వద్దు

మొన్న ఇక్కడ ఒకరు స్విట్జర్లాండ్ కుటుంబ బృందం 'ఓష్స్ డీ డ్రిట్టెన్' వీడియో పెట్టి, అందులో మెలనీ ఓష్ పాడిన యోడెల్‌ని 'గమకాలతో కూడిన కూనిరాగం' అన్నారు. ఆ రెండు మాటలూ దానికి అతకవండి.

గమకంలో స్వరం ఊగుతూ, జారుతూ పోతుంది, మధ్యలో అతుకు వినిపించకూడదు. యోడెల్‌లో వినిపించాల్సిందే ఆ అతుకు. ఛాతీలోంచి వచ్చే నిండు గొంతు నుంచి తలలో మోగే సన్నని గొంతుకి ఒక్కసారిగా ఎగిరి మళ్ళీ దిగుతారు, ఆ ఎగిరేచోట టక్కున తెగినట్టు వినిపిస్తుందే, పాటకి ప్రాణం అదే. మన కచేరీలో అలా జరిగితే గొంతు పగిలిందంటాం. కిశోర్ కుమార్ పాటలు విన్నవాళ్ళకి నేను చెప్పేది వెంటనే అందుతుంది. ఇక కూనిరాగం మనలో మనం తీసుకునేది. ఇదేమో కొండ మీద పశువుల్ని, అవతలి కొండవాళ్ళని పిలిచే కేకల్లోంచి పుట్టిందని చెప్పుకునే పాట!

నా ఓటు 'గొంతు విరుపు'కి. మాట విరుపు అంటాం కదా, కావాలని, అందం కోసం చేసేది. ఇదీ అంతే.

రాసేటప్పుడు 'జోడెల్' అనకండి, జర్మన్‌లో మొదటి అక్షరం J 'య' అని పలుకుతుంది. 'యో' అనే కేక నుంచే 'యోడెల్న్' అనే క్రియ వచ్చింది.

బృందం పేరుని 'మూడవ ఓష్' అని అనువదించినవారికి కూడా ఒక మాట. అది రాజుల పేర్లలా వినిపిస్తోంది. ఇంటిపేరు చివరి 'స్' మన 'వాళ్ళు' లాంటిది, 'డీ డ్రిట్టెన్' అంటే మూడోవాళ్ళు, అంటే ఆ ఇంట్లో సంగీతం పట్టుకున్న మూడో తరం. బెర్న్ వైపు కొండప్రాంతం వాళ్ళది, నాన్న, సోదరులు వాయిస్తుంటే అమ్మా కూతుళ్ళు పాడేవారు, యోడెల్ అందుకునేది కూతురు. 'ఓష్‌వారి మూడో తరం' అంటే సరిపోతుంది, మన పెళ్ళిపత్రికల్లో 'వారి' లాగే.

వ్యాఖ్య: 'కూత' అంటే పోలేదా అండీ? ఆ 'యో-లో-హో'కి అర్థం కూడా చెప్పండి.

జవాబు: కూత మంచి మాటే, స్విట్జర్లాండ్‌లోని మువొటాటాల్ లోయలో దీన్ని 'యూట్స్' అంటారు, దానికైతే చక్కగా సరిపోతుంది. రెండు సగాలుగా ఉన్న అపెన్‌ట్సెల్ అనే స్విస్ ప్రాంతంలోనే ఒక సగంలో 'ట్సొయెర్లి', ఇంకో సగంలో 'రుగ్గూస్సెలి' అంటారు, అవి నెమ్మదిగా, నలుగురు కలిసి శ్రుతి పట్టగా సాగుతాయి, వాటిని కూత అంటే మనసొప్పదు నాకు. అక్షరాలకి అర్థం లేదండి. కింది స్వరాలకి ఎక్కువగా ఓ, ఆ, పైవాటికి ఊ, ఈ పడతాయి, గొంతు మారడానికి అవి వీలు. కాబట్టి అనువదించకుండా ఉన్నదున్నట్టు రాసేద్దాం.